ఊరి పేరు పుట్టుకను వెతకడం ఎలా? ఓరుగల్లు ప్రాంతం వారికి ఒక పద్ధతి

ఊరి పేరుకు అర్థం వెతకాలనుకునేవారు మొట్టమొదట చేయవలసిన పని, ఆ అర్థం గురించి కొంతకాలం ఆలోచించకుండా ఉండడం. పేరు వినగానే తోచే అర్థం చాలాసార్లు ఇప్పటి పలుకును బట్టి మనం అల్లుకున్నదే అవుతుంది గానీ, పేరు పెట్టిననాటి మాట కాదు. వేములవాడ అంటే వేపచెట్ల ఊరని, వేము అన్నా వేప అన్నా ఒకటే కదా అని, నేను చాలా ఏళ్లు అడిగినవారికీ అడగనివారికీ చెప్పుకుంటూ తిరిగాను. ఆ ఊరిని రాజధానిగా చేసుకుని ఏలిన చాళుక్యుల పర్భణి తామ్రశాసనంలో, అంటే క్రీ.శ. 966 నాటి రాతలో, దాని పేరు లేంబులపాటక అని ఉన్నట్టు తెలిసిన రోజున నా వివరణ మొదటి అక్షరం దగ్గరే ఆగిపోయింది. అక్కడున్నది వకారం కాదు, లకారం. మరాఠీలో వేపను కడులింబ్ అంటారు గనుక చివరికి వేపే తేలినా తేలవచ్చు. అట్లా తేలినా నేను వచ్చిన దారి తప్పే, ఎందుకంటే పాత రూపం చూడకుండానే వేము అన్న మాటను పట్టుకుని బయలుదేరాను.

అందువల్ల వెతకడానికి ముందే, వెతికినదాన్ని దేనిలో రాసుకోవాలో నిర్ణయించుకోవాలి. దీనికి నాకు దొరికిన మంచి నమూనా గ్రహాల మీది పేర్ల నమోదు. చంద్రుడి మీదా గ్రహాల మీదా ఉన్న గుంతలకు, కొండలకు, మైదానాలకు పేర్లు ఖాయం చేసే పని 1919లో ఏర్పడిన అంతర్జాతీయ ఖగోళ సంఘానిది. అది ఒప్పుకున్న పేరు ఏ అక్షాంశ రేఖాంశాల దగ్గర ఉంది, ఎంత మేర ఉంది, ఎప్పుడు ఆమోదం పొందింది, ఎవరి వల్ల లేదా దేని వల్ల వచ్చింది అన్న వివరాలు ఒకేచోట కనిపిస్తాయి. బుధగ్రహం మీద 1976లో త్యాగరాజు పేరు పెట్టిన గుంత ఉంది; ఆ గ్రహం మీది గుంతలకు కవుల, గాయకుల, చిత్రకారుల పేర్లు పెట్టాలన్నది నియమం. శుక్రుడి మీద దాదాపు అన్నీ స్త్రీల పేర్లే. అంగారకుడి మీది చిన్న గుంతలకు లక్షలోపు జనాభా ఉన్న ఊళ్ల పేర్లు పెడతారు. ఉత్తరప్రదేశ్‌లోని ముర్సాన్, బీహార్‌లోని హిల్సా 2024లో అట్లాగే అక్కడికి చేరాయి. చంద్రయాన్-3 దిగిన చోటుకు శివశక్తి అన్న పేరును అదే ఏడు మార్చి 19న ఆమోదించారు. మన పల్లెలకు ఇట్లాంటి నమోదు లేదు గనుక దాన్ని మనమే తయారు చేసుకోవాలి.

ఒక్కో ఊరికి ఒక్కో కాగితం పెట్టుకోండి. బోర్డు మీది పేరు, ఊరివాళ్లు పలికే పేరు, పొరుగూరివాళ్లు పలికే పేరు, దొరికిన పాత రూపాలు వాటి సంవత్సరాలతో, ఆ రూపం ఎక్కడ చూశారన్నది, ఊళ్లో చెప్పుకునే కథ, ఊరి చుట్టూ ఉన్న గుట్టలు చెరువులు వాగులు, చిట్టచివర అర్థం: ఇవి దానిలో ఉండవలసిన గడులు. కథకూ అర్థానికీ వేరువేరు గడులు ఉండడం తప్పనిసరి. రెండింటినీ ఒకే గడిలో రాసినవారు ఆరు నెలల తర్వాత ఏది కథో ఏది ఆధారమో తామే గుర్తుపట్టలేరు.

మొదటి మూడు గడులు నింపడానికి ఏ కార్యాలయానికీ వెళ్లవలసిన పని లేదు. బస్టాండులో నిలబడి కండక్టరు ఏ పేరు పెట్టి పిలుస్తున్నాడో వింటే చాలు. బోర్డు మీద మహబూబాబాద్ అని ఉంటుంది. ఎక్కేవాళ్లు, దిగేవాళ్లు మానుకోట అంటారు. మొదటిది ఆరవ నిజాం మహబూబ్ అలీఖాన్ పేరుతో వచ్చింది. రెండోది జనం నోట అట్లాగే నిలిచింది. నిజామాబాద్‌కు ఇందూరు, ఆదిలాబాద్‌కు ఎదులాపురం కూడా ఇట్లాంటి జంటలే. అయితే జంట కనిపించిన ప్రతిచోటా ఒకటి పాతపేరు, ఒకటి కొత్తపేరు అనుకోకూడదు. కరీంనగర్ పాతపేరు ఎలగందుల అని చాలామంది రాస్తుంటారు. పాతపేరు జిల్లాకు చెందినది, పట్టణానికి కాదు. ఎలగందుల తన కోటతో సహా మానేరు ఒడ్డున ఇప్పటికీ వేరే ఊరుగానే ఉంది. జిల్లా కేంద్రం అక్కడినుంచి కరీంనగర్‌కు మారింది. పేరు మారడం, కేంద్రం మారడం ఒకటి కాదు.

తర్వాత పేరును విడదీయాలి, అదీ చివరి నుంచి. మొదటి భాగం మనల్ని ఆకర్షిస్తుంది, ఎందుకంటే అక్కడే రాజులూ దేవతలూ ఉంటారు. చివరి భాగం మాత్రం ఆ చోటు ఎట్లాంటిదో చెబుతుంది. పల్లి, పేట, వాడ, గూడెం అన్నవి నివాసాలు. గట్టు, గుట్ట, కొండ అన్నవి చూడగానే తెలుస్తాయి: హసన్‌పర్తి పక్కనే చింతగట్టు ఉంది. కొండ సమాసంలో గొండ కావడం, కల్లు గల్లు కావడం మన భాషలో మామూలే. చర్ల అన్నది చెరువుల అన్న మాట అరిగి మిగిలిన రూపం. మొగిలిచర్ల అంటే మొగలి పొదలున్న చెరువుల ఊరు. గామ అన్నది గ్రామ శబ్దం ప్రాకృతంలో పొందిన రూపం. జనగామను ఈ దారిలోనే చూడాలి. మొదటి భాగం జైన అన్న మాట నుంచి వచ్చిందని చెబుతారు గానీ, దాన్ని ప్రస్తుతానికి కథ గడిలోనే రాయండి.

సముద్రం అన్న చివరిమాట దగ్గర కొంచెం ఆగాలి. కాకతీయుల కాలంలో పెద్ద చెరువు తవ్వించినవారు దానికి సముద్రం అని పేరు పెట్టడం ఆచారం. గణపతిదేవుడి చెల్లెలు మైలాంబ తవ్వించిన చెరువు శాసనంలో ధర్మకీర్తిసముద్రం. జనానికి అది బయ్యారం చెరువు. (చంద్రుడి మీద కూడా సముద్రాలున్నాయి. 1651లో రిచ్చోలీ అనే ఇటలీ పండితుడు తన గ్రంథంలోని పటంలో పెట్టిన ఆ పేర్లు నేటికీ వాడుకలో ఉన్నాయి, చుక్క నీరు లేకపోయినా. మన సముద్రాల్లో కనీసం చేపలుంటాయి.) ఇట్లా ఒకే నీటికి శాసనం ఒక పేరు, ఊరు ఒక పేరు చెప్పినప్పుడు రెండూ రాసుకోవాలి. శాసనంలోది దాత గొప్పతనం కోసం పెట్టిన పేరు. నిలిచేది తరచు ఊరి పేరే.

ఫారసీ, ఉర్దూ మాటలు కలిసిన పేర్లకు భయపడవలసిన పని లేదు, అవి చాలావరకు సూటిగా ఉంటాయి. ఆబాద్ అంటే జనం నివసించే చోటు. లష్కర్ అంటే సైన్యం, కాబట్టి హనుమకొండలోని లష్కర్‌బజార్ దండు బజారే. ఖుర్ద్ అంటే చిన్నది, కలాన్ అంటే పెద్దది. ఒకే పేరున్న రెండూళ్లను వేరు చేయడానికి రెవెన్యూ వాళ్లు తగిలించిన మాటలివి. చినపెండ్యాల, పెదపెండ్యాల అని తెలుగులో చేసిన పని కూడా ఇదే. మక్తా అంటే కౌలు ఖాయం చేసి ఒకరికి అప్పగించిన ఊరు. హసన్‌పర్తిలాగా మొదటి సగం ఒక భాషదీ, చివరి సగం మరొక భాషదీ అయిన పేర్లు చూసి కొందరు తప్పుగా మారిన పేరనుకుంటారు. రెండు భాషలవాళ్లు వందల ఏళ్లు కలిసి బతికిన చోట అట్లా ఉండడమే సహజం.

ఇక పాత రూపాలు. ఇది అన్నింటికన్నా కష్టమైన మెట్టు, అన్నింటికన్నా విలువైనది కూడా. శాసనాలను జిల్లాలవారీగా సంపుటాలుగా అచ్చు వేశారు. పెద్ద గ్రంథాలయాల్లో, విశ్వవిద్యాలయాల చరిత్ర శాఖల్లో అవి దొరుకుతాయి. కానీ ఆ జిల్లాలు నేటి జిల్లాలు కావు. 2016 అక్టోబరు 11న పది జిల్లాలు ముప్పై ఒకటైనప్పుడు ఎన్నో మండలాలు చేతులు మారాయి: పాలకుర్తి వరంగల్ నుంచి జనగామకు వెళ్లింది, ఎల్కతుర్తి కరీంనగర్ నుంచి ఇటు వచ్చింది, బయ్యారం ఖమ్మం నుంచి మహబూబాబాద్‌కు వచ్చింది. ఆ ఖమ్మం జిల్లా కూడా 1953లో వరంగల్ నుంచి విడిపోయినదే. 2021లో మళ్లీ వరంగల్ అర్బన్ హనుమకొండగా, వరంగల్ రూరల్ వరంగల్‌గా పేర్లు మార్చుకున్నాయి. కాబట్టి మీ ఊరు ఏ సంవత్సరంలో ఏ తాలూకాలో, ఏ జిల్లాలో ఉండేదో ముందుగా కాగితం వెనుక రాసుకుని, ఆ తర్వాతే సంపుటం తెరవాలి. లేకపోతే ఉన్న శాసనాన్ని లేదనుకుని తిరిగి వస్తారు.

శాసనం దొరకని ఊళ్లే ఎక్కువ. వాటికి రెవెన్యూ దస్త్రాలే దిక్కు: సేత్వార్ (మొదటి భూసర్వే తర్వాత తయారైన పట్టిక), 1954-55 నాటి ఖాస్రా పహాణీ (సర్వే నంబర్లవారీ భూముల లెక్క), పాత గ్రామపటం. తహసీలు కార్యాలయంలో నకళ్లు అడగవచ్చు. హైదరాబాదులోని తార్నాకలో ఉన్న రాష్ట్ర ఆర్కైవ్స్‌లో నిజాం కాలపు కాగితాలున్నాయి. అవి చాలావరకు ఉర్దూలో ఉంటాయి గనుక చదివిపెట్టే పెద్దవారిని వెంట తీసుకువెళ్లండి. ఇక్కడ ఒక కిటుకు ఉంది. ఇంగ్లీషు రాతలో తకారానికీ టకారానికీ, దకారానికీ డకారానికీ తేడా తెలియదు, అచ్చులు మాత్రం కనిపిస్తాయి. ఉర్దూ రాతలో త, ట వేరు, ద, డ వేరు. హ్రస్వాచ్చులు మాత్రం సాధారణంగా రాయరు. ఒకే ఊరి పేరును పాత ఇంగ్లీషు పటంలోనూ ఉర్దూ దస్త్రంలోనూ చూసి పక్కపక్కన పెడితే, ఒకదానిలో పోయినది మరొకదానిలో దొరికి, అసలు పలుకు చాలావరకు తేలుతుంది. ణ, ళ మాత్రం రెండింటిలోనూ పోతాయి. వాటికోసం ముసలివాళ్ల నోటినే నమ్ముకోవాలి. ఇంగ్లీషు నుంచి మళ్లీ తెలుగులోకి తెచ్చి రోడ్డు పక్కన నిలబెట్టిన బోర్డులను మాత్రం ఆధారంగా తీసుకోకండి. నా సొంత ఊరి దారిలో ఒకే పల్లెకు మూడు మైళ్ల దూరంలో రెండు బోర్డులు, రెండు రకాల అక్షరాలతో, ఏళ్లతరబడి నిలిచి ఉన్నాయి.

ఆ దస్త్రాల్లోనే బేచిరాగ్ అన్న మాట తగులుతుంది. చిరాగ్ అంటే దీపం. దీపం పెట్టేవారు లేని ఊరు, అంటే పేరూ సరిహద్దూ ఉండి మనుషులు లేని ఊరు బేచిరాగ్. మీ ఊరి శివారుకు ఆనుకుని అట్లాంటిది ఉంటే దాని పేరు తప్పక రాసుకోండి, చాలా చిక్కుముళ్లు అక్కడే విడిపోతాయి. చెరువు లోపలి భూమిని శిఖం అనడం కూడా ఫారసీ నుంచి వచ్చినదే. ఆ భాషలో శికం అంటే పొట్ట.

కాగితాల పని అయ్యాక ఊరి పొలాల్లో నడవాలి. పర్వతగిరి వైపు ఒక ఊరి పేరు చివర కుంట అని ఉంది, ఊరి చుట్టూ ఎంత తిరిగినా కుంట లేదు. రెండోసారి వెళ్లినప్పుడు ఊరి పేరు గురించి అడగడం మానేసి, గొర్లు కాస్తున్న ఒక పెద్దాయనను, "తాతా, గీ చెల్కనేమంటరు?" అని అడిగాను. ఆయన కర్రతో చూపిస్తూ, "గిదా బిడ్డా? పాతూరు గడ్డ. మా ముత్తాతలనాడు ఊరు గీడ్నే ఉండెనట. గత్తరొచ్చి అందరు లేసి ఆ దిక్కు వోయిండ్రు," అన్నాడు. గత్తర అంటే కలరా. నేలంతా కుండపెంకులు, అక్కడక్కడ బూడిదరంగు మన్ను. కుంట ఎక్కడని అడిగితే పక్కనున్న పత్తిచేనునే చూపించాడు. అది ఏనాడో పూడిపోయింది, కట్ట మాత్రం మోకాలెత్తు మిట్టగా ఇంకా ఆనవాలు చెబుతోంది. ఊరు కదిలినప్పుడు మనుషులు, గొడ్లతోపాటు పేరును కూడా వెంట తీసుకుపోయారు, కుంట ఒక్కటే వెనుక మిగిలింది.

అందుకే ఊళ్లో "మీ ఊరికి ఆ పేరెట్లా వచ్చింది?" అని ఎప్పుడూ నేరుగా అడగకండి. ఆ ప్రశ్నకు కథ వస్తుంది, అదీ సాధారణంగా ఒక రాజు వేటకు రావడంతో మొదలవుతుంది. చేల పేర్లు, బావుల పేర్లు, ఒర్రెల పేర్లు, మత్తడి దగ్గరి దేవత పేరు అడగండి. పాటిగడ్డ, అంటే పాత ఊరి దిబ్బ, ఎక్కడుందో అడగండి. బోనాలప్పుడు ఊరి పొలిమేరలో పొలి ఎక్కడిదాకా చల్లుతారో అడగండి. చెప్పినవారి పేరు, వయసు వారి అనుమతితోనే రాసుకోండి. తండాల్లో ఈ పని కొంత తేలిక, ఎందుకంటే చాలా తండాలకు మొదట గుడిసె వేసిన నాయకుడి పేరే ఉంటుంది, ఆయన మునిమనుమలు అక్కడే ఉంటారు. 2018 చట్టంతో ఎన్నో తండాలు పంచాయతీలయ్యాయి గనుక ఆ పేర్లు ఇప్పుడు దస్త్రాల్లోకి కూడా ఎక్కాయి.

ఇంత దూరం వచ్చాక కథలను పరీక్షించవచ్చు. హనుమకొండకు హనుమంతుడితో ముడిపెట్టే కథ ఒకటి ఉంది, అనుమడు, కొండడు అనే ఇద్దరు నాయకుల కథ మరొకటి ఉంది. శాసనాల్లో కనిపించే రూపం అనుమకొండ. మొదట హకారం లేదు. హనుమంతుడి కథ హకారం చేరిన తర్వాత పుట్టినదో, లేక కథే హకారాన్ని తెచ్చిందో గానీ, అది పాత రూపాన్ని వివరించదు. రెండో కథ కొండ అన్న చివరిమాటను మనిషిని చేస్తుంది. పక్కనే కొండ కనిపిస్తుండగా అంత శ్రమ అక్కరలేదని నా అభిప్రాయం. కథ అబద్ధమని కొట్టివేయవద్దు, అది జనం ఆ పేరును ఏనాడు ఎట్లా విన్నారో చెప్పే ఆధారం. అర్థానికి మాత్రం ఆధారం కాదు.

సంస్కృత రూపం ఉన్న పేర్లతో ఇంకో చిక్కు. ఓరుగల్లులో ఓరు అంటే ఒక్కటి, తమిళంలో ఇప్పటికీ ఒరు అంటారు. కల్లు అంటే రాయి. కోటలోపలి ఒంటి గుట్టను చూసినవారికి దీనికి వివరణ చెప్పనక్కరలేదు. కవులు, పండితులు దాన్ని ఏకశిలానగరం అని సంస్కృతీకరించారు. తెలుగు నుంచి సంస్కృతానికి వెళ్లడం సులభం, తిరిగి రావడం అంత సులభం కాదు. పోతన భాగవత అవతారికలో ఏకశిలానగరం అన్న మాట ఉంది. అది ఓరుగల్లే అని ఇక్కడివారు, కడప జిల్లాలోని ఒంటిమిట్ట అని అక్కడివారు వాదించుకున్నారు. ఆయన ఇంటిపేరైన బమ్మెర పాలకుర్తి పక్కన ఊరుగా నేటికీ ఉండడం నాకు ఎక్కువ బరువైన ఆధారంగా కనిపిస్తుంది, ఎందుకంటే ఇంటిపేర్లను ఎవరూ అనువదించరు.

ఇంటిపేర్లను వెతకవలసింది ఇందుకే. పాలకుర్తి బోర్డు మీద కుర్తి ఉంది. ఆ ఊరివాడని చెప్పే కవి సోమనాథుడి ఇంటిపేరైన పాల్కురికిలో కురికి ఉంది. ఊరి పేరు నోళ్లలో నలిగి మారినా, పద్యంలోకీ వంశంలోకీ ఎక్కిన రూపం అట్లాగే నిలిచింది. సోమనాథుడిది కర్ణాటకలోని హాల్కురికె అన్న వాదం పుట్టింది కూడా ఈ రూపం వల్లనే: తెలుగు పాలు కన్నడంలో హాలు అవుతుంది, ఆ భాషలో పాత పకారం హకారమైంది కాబట్టి. మీ ఊరి పేరు ఇంటిపేరుగా ఉన్న కుటుంబాలు ఎక్కడెక్కడ ఉన్నాయో శుభలేఖల్లో చూడండి. కులాల గోత్రాలు, ఇంటిపేర్లు పాడి చెప్పే వంశరాజులు వస్తే కూర్చోబెట్టి వినండి. వారిని పాతపేరుతో పిలవకండి, ఆ పేరులోని చిన్నచూపు నచ్చకనే వారు మార్చుకున్నారు.

మనుషుల పేర్లలోనూ ఊళ్లు దాగి ఉంటాయి. ఈ సీమలో సమ్మయ్య, సమ్మక్క, సారమ్మ అన్నవి మేడారం మొక్కుతో వచ్చిన పేర్లు. ఐలయ్య, ఐలమ్మ అన్నవి ఐనవోలు మల్లన్నను ఐలోని మల్లన్న అని పిలుచుకునే జనం పెట్టుకున్నవని పెద్దలు చెబుతారు. తిరుగుదారిలో, మేడారం దగ్గరి సంపెంగవాగు సమ్మక్క కొడుకు జంపన్న పడిపోయిన చోటు కావడంతో జంపన్నవాగైందని చెబుతారు. రామప్ప గుడికి ఇంకా విచిత్రమైన దారి: 1213లో రేచర్ల రుద్రుడు కట్టించిన గుడికి కట్టించినవాడి పేరు కాక, శిల్పిదని చెప్పే పేరు నిలిచింది.

అజంజాహీ మిల్లు 1934లో వచ్చింది, నిజాం కొడుకు ఆజం జా పేరుతో. మిల్లు మూతపడింది, మిల్స్ కాలనీ అన్న పేరు మాత్రం వాడుకలోనే ఉంది. మన కళ్లముందు పుడుతున్న ఇట్లాంటి పేర్లకు ఇప్పుడే కాగితం తెరవడం మంచిది, పుట్టుక చూసినవారు ఇంకా ఉన్నారు.

కాగితం నిండాక ఒక నకలు పంచాయతీ కార్యాలయంలో, ఒకటి ఊరి బడిలో ఇవ్వండి. బోర్డు మీది పేరు, పలుకు, పాత రూపం, సంవత్సరం, గుట్టలు, చెరువులు అన్నీ పెన్నుతోనే రాయవచ్చు. అర్థం అన్న గడిని మాత్రం పెన్సిలుతో రాయండి.